ఎడమచేతి ముడి

ఎక్కడ కూర్చోవాల్సి వచ్చినా కోటిలింగం ముందు కుర్చీ తిప్పుకుంటాడు. వీపు గోడకి, ముఖం గుమ్మానికి. టీ బంకులో బల్ల అయినా, పెళ్ళిలో ప్లాస్టిక్ కుర్చీ అయినా, బ్యాంకులో స్టూలు అయినా అంతే. తిప్పడానికి చోటు లేకపోతే నిలబడే ఉంటాడు.

"షెరీఫు గారు సర్దుకున్నారు. ఇంక మనం లోపలికి రావచ్చు" అంటారు గిలకలదిండి రేవులో పడవలవాళ్ళు.

అతను నవ్వడు. ఆ మాట అతనికి ఎగతాళిగా వినిపించదు.

కోటిలింగానికి అరవై రెండేళ్ళు. వలలు బాగుచేయడం తండ్రి నుంచి వచ్చిన పని. మధ్యలో పంతొమ్మిదేళ్ళు మాత్రం బందరులో ఒక సినిమా హాల్లో గేటు దగ్గర పనిచేశాడు. అక్కడ ఆదివారం ఉదయం ఇంగ్లీషు సినిమా వేసేవారు. ఎక్కువగా గుర్రాల సినిమాలు. ఎండిపోయిన కొండలు, ఒకటే వీధి ఉన్న ఊరు, చొక్కాకి నక్షత్రం బిళ్ళ పెట్టుకుని ఆ వీధిలో నడిచే ఊరి పోలీసు, షెరీఫు. చేపల వేటకి వెళ్ళని ఆదివారాల్లో రేవు జనం వచ్చి ముందు బెంచీల మీద కూర్చునేవారు.

మాటలు వాళ్ళకి అర్థమయ్యేవి కావు. గేటు దగ్గర నిలబడ్డ కోటిలింగానికీ అర్థమయ్యేవి కావు. ఒక ఆదివారం ఎవరో బెంచీలోంచి వెనక్కి తిరిగి, "ఏమంటన్నాడు బావా?" అని అడిగారు. కోటిలింగం చెప్పాడు. అతను చెప్పింది తెర మీద జరిగేదానికి సరిపోయింది. ఆ తర్వాత ప్రతి ఆదివారం అతనే చెప్పేవాడు.

అతని పద్ధతి ఒకటే. ముందు చుట్టరికాలు తేల్చేవాడు. ఎవడు ఎవడికి ఏమవుతాడో తెలియకపోతే కథ నడవదని అతని నమ్మకం. బిళ్ళ పెట్టుకున్నవాడు అన్న. గడ్డం మాసినవాడు తమ్ముడు. పొయ్యి దగ్గర ఉన్నావిడ వదిన. తుపాకీ ఎత్తి, కాల్చకుండా దించేస్తే ఎదుటివాడు దగ్గరివాడు. ఎత్తగానే కాల్చేస్తే పరాయివాడు. వెనకనుంచి కాలిస్తే ఆస్తి తగాదా.

ఒక సినిమా నాలుగు ఆదివారాలు ఆడింది. అందులో షెరీఫు ఒక దొంగని రాళ్ళ కొండల్లో రోజుల తరబడి తరుముతాడు. మూడుసార్లు దొరికించుకుంటాడు. మూడుసార్లూ తుపాకీ ఎత్తి, చాలాసేపు చూసి, దించేస్తాడు. నాలుగోసారి కొండ చివర పొద్దుగూకే వేళ ఇద్దరూ ఎదురెదురుగా నిలబడతారు. తుపాకీ లేస్తుంది. తెర నల్లబడుతుంది. ఒక్క గుండు శబ్దం.

"గాల్లోకి కాల్చాడు" అన్నాడు కోటిలింగం గేటు దగ్గరనుంచి. "తమ్ముడు కదా."

బెంచీలన్నీ చప్పట్లు కొట్టాయి.

అతని కూతురు నాగదుర్గ ఈ కథ వింటూ అన్నం తినేది. తల్లి రత్నకుమారి ముద్దలు కలిపి పెడుతుంటే తండ్రి చెప్పేవాడు.

"ఎందుకు కాల్చలేదు నాన్నా?"

"తమ్ముడు కదమ్మా."

"దొంగ కదా?"

"దొంగయితే తమ్ముడు కాకుండా పోతాడా?"

తర్వాత హాలు మూతపడింది. దాన్ని ఫంక్షన్ హాలు చేశారు. కోటిలింగం మళ్ళీ పూర్తిగా వలల దగ్గరికి వచ్చేశాడు. నాగదుర్గ పెద్దదై పోలీసు అవుతానంది. విన్నవాళ్ళు నవ్వారు. నవ్వనివాడు ఆమె మేనమామ నరసింహం ఒక్కడే. అతను రత్నకుమారికి తమ్ముడు. సొంత మరపడవ ఉంది. మేనకోడల్ని గుడివాడలో కోచింగులో చేర్పించింది అతనే. ఆదివారం ఆదివారం బండి మీద పీతల కూర క్యారియరు పట్టుకెళ్ళింది అతనే. సెలవులకి ఆమె ఇంటికి వస్తే తెల్లారే బీచి రోడ్డు మీద పరిగెత్తించేవాడు. ఫోన్లో టైము చూసుకుంటూ వెనకాల బండి మీద వచ్చేవాడు.

"పరిగెత్తవే పోలీసూ! దొంగ ముందు పోతన్నాడు!"

ఆమెకి ఉద్యోగం వచ్చిన రోజున నరసింహం రేవులో అందరికీ పేరుపేరునా స్వీటు పెట్టాడు. రెండేళ్ళు ఎక్కడెక్కడో పనిచేసి, పోయిన ఏడాది ఆమె రేవుకి దగ్గరలో ఉన్న స్టేషనుకే వచ్చింది.

ఈ వేసవి సంగతి ఇది.

ఏప్రిల్ మధ్యనుంచి రెండు నెలలు చేపలు గుడ్లు పెట్టే కాలం. మరపడవలు సముద్రంలోకి వెళ్ళకూడదు. తెడ్డు వేసుకునే నాటు పడవలకి ఆ నిషేధం లేదు. ఆ రెండు నెలలూ రేవులో పడవలు వరసగా కట్టేసి ఉంటాయి. ఐసు మిషన్లు ఆగిపోతాయి. పడవలకి రంగులు వేసుకుంటారు, వలలు బాగుచేయించుకుంటారు. కోటిలింగానికి ఏడాది మొత్తంలో చేతినిండా పని ఉండేది అప్పుడే.

మే నెల రెండో సోమవారం తెల్లవారకముందు, కోడూరు వైపు సముద్రంలో రాము అనే ముసలాయన నాటు పడవని ఒక మరపడవ గుద్దింది. గుద్ది వెళ్ళిపోయింది. నాటు పడవ ముక్కలైంది. రాము కాలు విరిగింది. విరిగిన చెక్క పట్టుకుని ఎండెక్కేదాకా నీళ్ళలో ఉన్నాడు. వేరే నాటు పడవవాళ్ళు చూసి ఒడ్డుకి తెచ్చారు. అక్కణ్ణుంచి బందరు ఆసుపత్రికి తెచ్చారు. గుద్దింది ఎవరి పడవో అతనికి తెలియదు. అతను పట్టుకున్న చెక్కకి మాత్రం మూరెడు వల ముక్క చిక్కుకుని ఉంది.

గురువారం మధ్యాహ్నం నాగదుర్గ తండ్రి పనిచేసే రేకుల షెడ్డుకి వచ్చింది. యూనిఫాంలో వచ్చింది. కూర్చోలేదు.

"అన్నం తిన్నావా?" అన్నాడు కోటిలింగం.

"డ్యూటీలో ఉన్నాను నాన్నా."

"డ్యూటీలో అన్నం తినరా?"

ఆమె ప్లాస్టిక్ కవరులోంచి వల ముక్క తీసి అతని మోకాళ్ళ మీద పరిచింది.

"ఈ ముడి ఎవరు కట్టింది?"

వల బాగుచేసే ఎవరి ముడి అయినా కుడివైపు ఒరుగుతుంది. ఇది ఎడమవైపు ఒరిగి ఉంది.

"నన్నడగాలా? నువ్వు చెప్పలేవా?"

"చెప్పగలను. నీది. ఈ రేవులో ఎడమచేత్తో కట్టేది నువ్వొక్కడివే. ఎస్సై గారికి అంతవరకూ చెప్పాను. ఎవరి వలకి కట్టావు?"

"ఏడాదికి నలభై వలలు కడతాను."

"నీలం వలకి నారింజ దారంతో ఎన్ని కట్టావు?"

"దారం అయిపోతే ఏది దొరికితే అది వేస్తాను. వలేమన్నా పట్టుచీరా?"

"నాన్నా."

"గుర్తుచేసుకోవాలి. ఇప్పటికిప్పుడు చెప్పమంటే ఎట్టా?"

"రేపు సాయంత్రం వస్తాను. ఎస్సై క్రాంతి కుమార్ గారు శనివారం దాకా చూస్తానన్నారు. ఆ తర్వాత ఆయనే నిన్ను స్టేషనుకి పిలిపించి అడుగుతారు."

"పిలవనీ. కుర్చీ గోడ పక్కన వేయించు."

ఆమెకి నవ్వు రాబోయింది. ఆపుకుంది. ముక్కని మడిచి కవరులో పెట్టుకుని వెళ్ళిపోయింది. మావయ్య పేరు ఆమె ఎత్తలేదు. అతనూ ఎత్తలేదు.

నారింజ దారం అతను ఈ ఏడాది ఒక్క వలకే వేశాడు. ఏప్రిల్ మొదట్లో నీలం దారం అయిపోతే నరసింహం తన పడవలో పడి ఉన్న నారింజ ఉండ తెచ్చిచ్చాడు. "ఏదైతే ఏంటి బావా, చేపలు రంగు చూసి పడతాయా?" అన్నాడు. ఆ రోజు ఇద్దరూ నవ్వుకున్నారు.

అది ఒకటి. ఇంకొకటి ఉంది. అది కూతురికి కనిపించలేదు. ఆమె వలలు బాగుచేసే మనిషి కాదు. నైలాను వల లాగుడుకి చిరిగితే ఒక్కొక్క పోగూ ఒక్కొక్క పొడవున సాగి, చివర నలిగిపోతుంది. ఆ ముక్కకి మూడు వైపులు అట్టాగే ఉన్నాయి. నాలుగో వైపు పోగులన్నీ ఒక్క గీత మీద తెగి ఉన్నాయి. అది చిరుగు కాదు. కత్తితో కోశారు.

ఆ మధ్యాహ్నం అతని పని సాగలేదు. కట్టిన ముడి విప్పాడు, మళ్ళీ కట్టాడు. వల కళ్ళు లెక్క తప్పాయి. పదమూడు ఉండాల్సిన చోట పదకొండు వచ్చాయి. సూది విసిరికొట్టి, మళ్ళీ తనే లేచి వెతుక్కున్నాడు.

సాయంత్రం పెద్దమనిషి ధనుంజయరావు దగ్గరికి వెళ్ళాడు. ఊళ్ళో తగాదా వస్తే స్టేషను కంటే ముందు అతని దగ్గరికే వెళ్తారు. మూసేసిన ఐసు మిషను ముందు నలుగురితో కూర్చుని ఉన్నాడు. ఎవరి పడవో వాళ్ళందరికీ తెలుసు. ఊరు అప్పటికే ఒక మాట అనుకుంది. పేరు ఎవరూ చెప్పకూడదు. రాముకి ఊరే కొత్త పడవ చేయించి ఇవ్వాలి.

"మంచిదే" అన్నాడు కోటిలింగం. "ఎప్పుడు చేయిస్తాం?"

"నిషేధం పోవాలిగా. వేట మొదలవ్వాలిగా."

"ఈలోపు రాము వాళ్ళకి ఎవరు చెప్తారు?"

"చెప్దాం."

"ఎవరు?"

"చెప్దాంలే బావా. తొందరేముంది? ఆయన కాలు అతుక్కోవాలిగా ముందు. ఇప్పుడే పడవిస్తే ఎక్కుతాడా?"

నలుగురూ నవ్వారు.

"మరి దుర్గ అడిగితే నన్నేం చెప్పమంటారు?"

"కళ్ళు మందగించాయని చెప్పు. అరవై దాటిందిగా. నిన్నెవరు కాదంటారు?"

"నా ముడి నాకు తెలియదని చెప్పాలా?"

"ముడేగా బావా. తాళి కాదుగా."

మళ్ళీ నవ్వారు. కోటిలింగం కాసేపు నిలబడ్డాడు. ఎవరైనా కోడూరు పేరు ఎత్తుతారేమోనని చూశాడు. వాళ్ళు ఎండ గురించి మాట్లాడుకున్నారు.

అక్కణ్ణుంచి నరసింహం పడవ దగ్గరికి వెళ్ళాడు. నరసింహం బనీనుతో నిలబడి పడవ ముక్కుకి పచ్చరంగు వేస్తున్నాడు. పోయిన నెలదాకా అది నీలం.

"రా బావా. పచ్చ బాగుందా?"

"చూశావా ఆయన్ని?"

నరసింహం కుంచె ఆపలేదు. "చీకటి బావా. దుంగ అనుకున్నాం."

"ఆగావా?"

"దుంగకి ఆగుతారా ఎవరైనా?"

"వల ఎట్టా పోయింది?"

"పక్కన వేలాడుతుంది. దేనికో తగులుకుంది. లాగేసరికి చిరిగిపోయింది."

"చిరిగిందా?"

"చిరిగింది."

కోటిలింగం రంగు డబ్బా పక్కకి జరిపి ఇసుక మీద కూర్చున్నాడు.

"నువ్వే వెళ్ళి చెప్పు. పొరపాటైంది అను. నీ అంతట నువ్వు వెళ్తే వేరేగా ఉంటుంది."

"వెళ్తే పడవ పట్టుకుపోతారు. దీని మీద ఆరు కొంపలున్నాయి బావా. నాది కాక." నరసింహం కుంచె డబ్బాలో ముంచి అట్టే ఉంచాడు. "దానికి ఆ పోలీసు టోపీ పెట్టించింది ఎవరు? గుడివాడకి కూరలు మోసింది ఎవరు? ఇప్పుడు దాన్ని నా మీదికి పంపిస్తావా?"

"నేను పంపలేదు."

"నువ్వు నోరు తెరవకపోతే అది రాదు. నువ్వేగా చెప్పింది, అన్న గాల్లోకి కాల్చాడని? నేను ముందు బెంచీలో ఉన్నాను. పన్నెండేళ్ళు నాకు. నాలుగు ఆదివారాలూ చప్పట్లు కొట్టాను. అదంతా ఉత్తదేనా?"

కోటిలింగం లేచి వచ్చేశాడు. మనిషిని కళ్ళారా చూసి, చిక్కుకున్న వల కోసుకుని వెళ్ళిపోయావని అనడానికి అతనికి నోరు రాలేదు. అనకుండా వచ్చినందుకు ఇంటిదాకా తన మీద తనే విసుక్కున్నాడు.

శుక్రవారం మధ్యాహ్నం అతను అన్నానికి ఇంటికి వచ్చేసరికి తలుపు దగ్గరగా వేసి ఉంది. రత్నకుమారి లేదు. ఎండు చేపల బుట్ట మూలనే ఉంది కాబట్టి అమ్మకానికి వెళ్ళలేదు. గూట్లో క్యారియరు లేదు. ఒంటిగంటన్నరకి ఆమె ఆటో దిగి, ఖాళీ క్యారియరు పట్టుకుని వచ్చింది.

"ఎక్కడికెళ్ళావు?"

"బందరు."

"ఎందుకు?"

"పని ఉండి."

"ఏం పని?"

ఆమె క్యారియరు గిన్నెలు విప్పి కడగడం మొదలుపెట్టింది. కడుగుతూ చెప్పింది. మంగళవారం నుంచి రోజూ వెళ్తోంది. ఆసుపత్రి నడవాలో రాము భార్య చిట్టెమ్మ చాప వేసుకుని ఉంటోంది. కోడూరు నుంచి రోజూ ఎవరు వచ్చి అన్నం పెడతారు? అందుకని పట్టుకెళ్తోంది.

"ఎవరని చెప్పావు?"

"గిలకలదిండి అన్నాను. అంతే."

"ఏమీ అనలేదా ఆవిడ?"

"మొదటి రోజు ఏమీ అనలేదు. తింది. ఆయనకి పెట్టింది. ఇవాళ అడిగింది. ఇంజను నెమ్మదించిందంట, మాటలు వినపడ్డాయంట. ఆయన అరిచాడంట. మళ్ళీ ఇంజను వేసుకుని పోయారంట. అక్కా, మీ రేవువాళ్ళే అంటున్నారు, మీకేమన్నా తెలుసా అంది."

"నువ్వేమన్నావు?"

"తెలియదన్నాను." రత్నకుమారి గిన్నె బోర్లించింది. "అక్కా అంది నన్ను."

కోటిలింగం ప్లేటు ముందు కూర్చుని ఉన్నాడు. ఆమె వడ్డించలేదు.

"వాడి పేరు నీ నోట్లోంచి వస్తే నేను మా పుట్టింటికి ఏ ముఖం పెట్టుకుని వెళ్ళాలి? చెప్పు" అంది. "వాడిని చంకనేసుకుని పెంచాను."

"నేను చెప్తానని ఎవరన్నారు?"

"చెప్పకపోతే రేపు ఆసుపత్రికి ఏ ముఖం పెట్టుకుని వెళ్ళాలి? అది కూడా చెప్పు."

"రెండూ అంటే ఎట్టా కుదురుతుంది?"

"నన్నడుగుతావేంటయ్యా? ఊరందరికీ కథలు చెప్పినవాడివి."

ఆమె ఏడవలేదు. అన్నం గిన్నె ఠక్కున అతని ముందు పెట్టి, దొడ్లోకి వెళ్ళిపోయింది. అతనే పెట్టుకుని తిన్నాడు. కూరలో ఉప్పు లేదు. ఆ మాట ఎవరితో అనాలో తెలియలేదు.

సాయంత్రం నాగదుర్గ వచ్చింది. ఈసారి యూనిఫాం లేదు. ఇంట్లో వేసుకునే చుడీదారు వేసుకుంది. తల్లి పెసరట్టు వేసి ఇచ్చింది. సగం తిన్నాక ఆమె తల ఎత్తకుండా అంది.

"నువ్వు చెప్పే సినిమా చూశాను నాన్నా."

"ఏ సినిమా?"

"షెరీఫు మూడుసార్లు తుపాకీ దించేది. ఫోన్లో అట్టాగే రాసి వెతికితే దొరికింది. కింద అక్షరాలు వస్తాయి, ఎవరేమంటున్నారో."

కోటిలింగం ముందుకి వంగాడు. "బాగుందా?"

"వాళ్ళిద్దరూ అన్నదమ్ములు కారు."

"ఎవరు చెప్పారు?"

"అక్షరాల్లో ఉంది. దొంగ వేరే ఊరివాడు. షెరీఫుకి వాడి పేరు కూడా ముందు తెలియదు."

"ఆ అక్షరాలు రాసింది ఎవడు? వాడికేం తెలుసు?"

"నాన్నా. చివర గాల్లోకి కాల్చలేదు. ఇంటికెళ్ళి పెళ్ళాంతో చెప్తాడు, చంపేశానని. తెర నల్లగా అయ్యాక ఇంకో సీను ఉంది. మీ హాల్లో అది వేయలేదేమో."

వేశారు. కోటిలింగానికి గుర్తుంది. దీపం పక్కన షెరీఫు కూర్చుని ఏదో అంటాడు, భార్య అతని బూట్లు విప్పుతుంది. "తమ్ముడు క్షేమంగా ఊరు దాటాడు" అని అతనే గేటు దగ్గరనుంచి చెప్పాడు. అప్పటికి జనం సగం లేచిపోయారు.

అతనికి కోపం వచ్చింది. ఎవరి మీద అని అడిగితే చెప్పలేడు.

"ఏమీ కాకపోతే అంతసేపు ఎందుకు ఆగాడు?" అన్నాడు. "మూడుసార్లు ఎత్తాడు. మూడుసార్లు దించాడు. నేను కళ్ళారా చూశాను. పరాయివాడైతే ఎందుకు దించాలి?"

నాగదుర్గ చాలాసేపు పెసరట్టు ముక్క తుంచుతూ ఉంది.

"ఎదురుగా మనిషి ఉన్నాడుగా నాన్నా" అంది.

పొయ్యి దగ్గర రత్నకుమారి చేతిలో గరిటె ఆగింది. వీధిలో ఎవరో ఇంజను బాగుచేస్తూ, వేసి ఆపి, వేసి ఆపి చూస్తున్నారు.

"గుర్తొచ్చిందా?" అంది నాగదుర్గ.

"రేపు చెప్తాను."

"ఊళ్ళో అందరూ ఇదే అంటన్నారు. రేపు, ఎల్లుండి, చెప్దాం. ధనుంజయరావు మావయ్య కూడా అదే అన్నాడు. అడిగి అడిగి నా నోరు పోయింది." ఆమె ప్లేటు కింద పెట్టింది. "అది మావయ్య వలేనా? అది ఒక్కటి చెప్పు. రాసుకోను. యూనిఫాంలో కూడా లేను."

కోటిలింగం తలుపువైపు చూశాడు. అవునన్నా కాదన్నా ఆ పిల్ల దాన్ని ఈ గదిలో వదిలేసి వెళ్ళలేదని అతనికి తెలుసు.

"నువ్వు అడగొద్దు" అన్నాడు.

"మరెవరు అడగాలి?"

"నువ్వు మాత్రం అడగొద్దు."

ఆమె లేచి చేతులు కడుక్కుని, తల్లికి చెప్పి, అతనికి చెప్పకుండా వెళ్ళిపోయింది.

మర్నాడు ఉదయం ఏడింటికి కోటిలింగం ఉతికిన చొక్కా వేసుకుని సైకిలు మీద స్టేషనుకి వెళ్ళాడు. నాగదుర్గ తొమ్మిదింటికి గాని రాదు. ఎస్సై క్రాంతి కుమార్ టీ తాగుతున్నాడు. కుర్చీ చూపించాడు. కోటిలింగం కూర్చోలేదు.

"చెప్తానండి. కానీ మా అమ్మాయి రాయకూడదు. తను రాకముందే ఇంకెవరి చేతైనా రాయించండి."

ఎస్సై అతని ముఖం చూసి, లోపలికి కేక వేశాడు. ఏంజెల్ అనే కానిస్టేబులు కాగితాలు తెచ్చుకుని కూర్చుంది. కోటిలింగం వల ఎవరిదో చెప్పాడు. ఇంటిపేరు, తండ్రి పేరు, పడవ నంబరు చెప్పాడు. వల ముక్క తెప్పించి టేబులు మీద పరిచి, నాలుగో వైపు చూపించాడు.

"ఇది చిరగలేదండి. కోశారు."

ఎస్సై వంగి చూశాడు. ఆ అంచు మీద వేలు పెట్టి చాలాసేపు తీయలేదు.

"ఈ నరసింహం మీకు ఏమవుతాడు?"

"బావమరిది."

"అది కూడా రాయనా అండీ?" అంది ఏంజెల్.

"రాయండమ్మా."

సంతకం పెట్టాడు. పదింటికి జీపు వస్తుందని, ఇంటికి వెళ్ళమని చెప్పారు. అతను ఇంటికి వెళ్ళలేదు. నరసింహం ఇంటికి వెళ్ళాడు. నరసింహం అరుగు మీద పళ్ళు తోముకుంటున్నాడు.

"చెప్పొచ్చాను" అన్నాడు కోటిలింగం.

నరసింహం నోట్లో నురగ ఉమ్మేసి, చెంబుతో నీళ్ళు పుక్కిలించాడు. రెండోసారి పుక్కిలించాడు. మూతి తుడుచుకున్నాడు.

"కోసిన సంగతి కూడా చెప్పావా?"

"చెప్పాను."

నరసింహం చెంబు అరుగు మీద పెట్టాడు. అది ఒరిగి దొర్లి వీధిలో పడింది. ఇద్దరిలో ఎవరూ తీయలేదు.

"అరిచాడు బావా" అన్నాడు నరసింహం. "కుర్రాళ్ళు భయపడ్డారు. నేనే కోయమన్నాను."

"పదింటికి వస్తారు. అన్నం తిని చొక్కా వేసుకో."

నరసింహం తినలేదు. చొక్కా వేసుకుని వచ్చి పక్కన కూర్చున్నాడు. పదయింది. పదిన్నర అయింది. వీధిలో జనం ఒక్కొక్కరే గుమ్మాల్లోకి వచ్చి నిలబడ్డారు. ధనుంజయరావు ఒకసారి దూరంనుంచి చూసి వెనక్కి తిరిగాడు. పదకొండు అయింది. జీపు బందోబస్తుకి వెళ్ళిందని ఎవరో చెప్పారు.

"రాకపోతే పోనీ, లోపలికి వెళ్దాం పద" అన్నాడు నరసింహం. "ఎండ మాడిపోతోంది."

కోటిలింగం లేచాడు. వీధి చివరికి నడిచి, స్టేషను మీదుగా బందరు వైపు వెళ్ళే ఆటోకి చెయ్యి అడ్డం పెట్టి ఆపాడు. అందులో అప్పటికే ఐదుగురున్నారు. ఇంకో ఇద్దరికి జరగమన్నాడు.